ఎండ్రకాయల చాటింపు

మా పెద్దనాయన పోయిన పదకొండో రోజున షామియానా కింద మైకు అందుకున్న ప్రతివాళ్ళూ ఆయన ఊరికి చేసిన మేళ్ళు చెప్పారు. తారు రోడ్డు తెచ్చాడన్నారు. బడికి ప్రహరీ కట్టించాడన్నారు. కాలువ చివరి పొలాలకు నీళ్ళు రప్పించడానికి మిర్యాలగూడలో ఆఫీసుల చుట్టూ చెప్పులరిగేలా తిరిగాడన్నారు. చాలావరకు నిజమే. అయితే సర్పంచిగా ఉన్నన్నాళ్ళలో ఆయన సొంత బుర్రతో చేసిన చట్టం ఒకటే ఒకటి, అది ఎండ్రకాయల మీద. దాని ఊసు ఒక్కరూ ఎత్తలేదు. ముందు వరుసలో కూర్చున్న ముసలివాళ్ళకు గుర్తుందని వాళ్ళ ముఖాలు చూస్తే తెలిసింది. ఒకాయన నా కళ్ళలోకి చూసి, కండువా నోటికి అడ్డం పెట్టుకుని వంగిపోయాడు. దుఃఖమనుకుని పక్కాయన వీపు నిమిరాడు. అది దుఃఖం కాదని నాకు తెలుసు. ఇలాంటి సభల్లో ఇలాంటివి చెప్పకూడదు కాబట్టి ఇక్కడ రాస్తున్నాను.

మా ఊరు గరిడేపల్లికి అవతల, సాగర్ ఎడమ కాలువ పిల్లకాలువల చివర ఉంటుంది. నీళ్ళు ఎప్పుడొస్తాయో ఆఫీసువాళ్ళకంటే ముందు ముక్కుకు తెలిసేది. ఎండాకాలమంతా పగిలి ఉన్న మట్టి మీదికి మొదటి నీళ్ళు ఎక్కగానే ఒక వాసన లేచేది. పచ్చి కుండ వాసన, ఎండిన పేడ వాసన, కుళ్ళిన గడ్డి వాసన కలగలిసినది. ఆ వాసనకే గట్లలోపల బొరియల్లో నిద్రపోతున్న ఎండ్రకాయలు బయటికొచ్చేవి. కోస్తావాళ్ళు వీటినే పీతలంటారు. మావి సముద్రపు పీతల్లా పళ్ళెమంత ఉండవు; అరచేతిలో ఇమిడే మట్టిరంగు జీవాలు. కానీ పట్టుకుంటే పట్టు విడవవు. ఈ విషయంలో అవి మా వంశానికి దగ్గర.

మా ఇల్లూ పెద్దనాయన ఇల్లూ పక్కపక్కనే. నడుమ గోడలో ఒక దిడ్డి దర్వాజ ఉండేది. తెల్లారగానే ఆ దర్వాజలోంచి మాకు వినిపించే మొదటి శబ్దం పెద్దనాయన గొంతు సవరించుకోవడం. వేపపుల్ల నములుతూ, వాకిట్లో అటూ ఇటూ తిరుగుతూ, ఊరి సమస్యలన్నీ గొంతులో అడ్డం పడినట్టు ఆయన ఖాకరించేవాడు. వానాకాలం రాగానే అది దగ్గుగా మారేది. ఆయన దగ్గుకు సూర్యాపేట దవాఖాన సీసాలన్నీ అయిపోయాక మిగిలే మందు ఒకటే: ఎండ్రకాయ రసం. కాళ్ళు, పట్టుకునే డెక్కలు విరిచి, రోట్లో దంచి, ఆ రసం వడకట్టి, మిరియాలు, ఎల్లిగడ్డ, కాస్త చింతపండు వేసి మరిగించేది మా పెద్దమ్మ అనసూయమ్మ. మరిగించేది వంటింట్లో కాదు. పశువుల కొట్టంలో, మూడు రాళ్ళ పొయ్యి మీద, ఆ ఒక్క పనికే కేటాయించిన మసికుండలో. ఎందుకంటే మోతుబరి ఇళ్ళలో ఎండ్రకాయలు తింటారని నలుగురికీ తెలియకూడదు. అవి కూలోళ్ళ కూర. అందుకని ఆ ఇంట్లో దాని పేరు ‘మందు’. దగ్గు తగ్గాక కూడా మందు ఆగేది కాదు. ఒక్కోసారి మందులోకి జొన్నరొట్టె కూడా అడిగేవాడు.

నాకైతే దగ్గూ లేదు, మర్యాదా లేదు. అప్పుడు హైస్కూల్లో ఉన్నాను. సెలవురోజు వస్తే తండా ఆడవాళ్ళు నాట్లు వేసే పొలానికి పోయి, పని ముగిసే వేళకు వాళ్ళతో కలిసి గట్ల వెంట ఎండ్రకాయలు పట్టేదాన్ని. తినడానికి కాదు, సరదాకి. వాళ్ళకు సరదా కాదు, రాత్రి కూర. వాళ్ళ ముఠాకు పెద్ద జమ్లి. మా ఊళ్ళో పెద్దనాయనను చూసి కొంగు సర్దుకోని ఆడమనిషి ఆమె ఒక్కతే. బొరియలో మోచేతి దాకా చెయ్యి పెట్టి, మనతో మాట్లాడుతూనే ఎండ్రకాయను బయటికి లాగి, డెక్కలు విరిచి బుట్టలో వేసేది. నా వేలికి ఎండ్రకాయ పట్టుకుని నేను గంతులు వేస్తుంటే, “ఇడ్వమని గట్టిగ అరువు బిడ్డా, మీ పటేళ్ళు అరిస్తె అన్నీ ఇంటయి గద!” అని నవ్వేది.

ఆ ఏడు కాలువ ఆఫీసుకు మూర్తిగారని కొత్త ఇంజనీరు వచ్చాడు. బందరు దగ్గరి మనిషి. మంచివాడు, కబుర్ల పోగు. చివరి పొలాలకు నీళ్ళు కావాలంటే ఇంజనీర్లను మంచి చేసుకోవాలి కాబట్టి, మా పెద్దనాయన ఆయనను ఒక ఆదివారం భోజనానికి పిలిచాడు. కోడి కోశారు. తిన్నాక గట్ల మీద షికారు పోయారు, వెనక నేను. ఒక ఎండ్రకాయ అడ్డం పరుగెత్తడం చూసి మూర్తిగారికి సొంతూరు గుర్తొచ్చింది.

“అరె, పీతలండీ! మీ దగ్గర కూడా ఉన్నాయే!” అని పాంటు పైకి మడిచి బురదలోకి దిగాడు. ఏమీ దొరకలేదు. చివరికి ఒక ఎండ్రకాయకు ఆయనే దొరికాడు. బొటనవేలు చీకుతూ గట్టెక్కి, పరువు నిలబెట్టుకోవడానికి కావచ్చు, ఒక ఉపన్యాసం ఇచ్చాడు.

“మీరిలా ఎప్పుడు పడితే అప్పుడు పట్టేస్తున్నారు కానీ, పై దేశాల్లో సముద్రపొడ్డున సరదాకి పీతలు పట్టాలన్నా దానికో సీజను ఉంటుందండీ. అది దాటితే ముట్టుకోకూడదు. పట్టినదాన్ని కొలిచి చూడాలి. చిన్నదైతే వదిలెయ్యాలి. పొట్ట కింద గుడ్లున్నది దొరికిందా, మళ్ళీ నీళ్ళలో వదిలి దణ్ణం పెట్టాలి. కాపలాకి మనుషులుంటారు. అభివృద్ధి అంటే అదండీ.”

ఆ చివరి మాట మా పెద్దనాయన చెవిలో పడింది. మామూలుగా ఎండ్రకాయల ప్రస్తావన వస్తే ముఖం తిప్పుకునే మనిషి, ఆ రోజు వాకిట్లో మంచం మీద కూర్చుని చాలాసేపు ఆకాశం వైపు చూశాడు. పక్క ఊరి సర్పంచి వాటర్ ట్యాంకు కట్టించాడు. ఇంకో ఊరి సర్పంచికి వీధిదీపాలు వచ్చాయి. వాటికి నిధులు కావాలి. చట్టానికి నిధులు అక్కర్లేదు. పైగా కుర్రాళ్ళు గడ్డపారలతో గట్లు తవ్వి పోస్తున్నారన్న కోపం ఆయనకు నిజంగానే ఉంది. అలా సముద్రపు రూలు మా పిల్లకాలువలోకి వచ్చి పడింది.

మర్నాడే డప్పు మోగింది. “ఇనుండ్రీ! సర్పంచి సాబు హుకుం! నాట్లు అయిపోయేదాక ఎవలు ఎండ్రకాయలు పట్టొద్దు! నాట్లయినంక గూడ బెత్తెడు కంటె చిన్నది పట్టొద్దు! కడుపుకింద పిల్లలున్నది పట్టొద్దు! పట్టినోళ్ళయి, గట్టు తవ్వినోళ్ళయి బుట్టలు జప్తు!”

ఊరు గమ్మత్తుగా విన్నది. బెత్తెడంటే ఎవరి బెత్తెడు అన్న చర్చ హోటల్ దగ్గర రెండు పూటలు నడిచింది. జమ్లి అయితే పెద్దనాయన ఎదురుపడినప్పుడు నేరుగానే అడిగింది.

“పటేలా, బెత్తెడు ఉన్నదా లేదా కొలవాలంటె ముందుగాల పట్టాలె గద? పట్టకుంట ఎట్ల కొలుస్తం? బొక్కల చెయ్యివెట్టి, ‘నువ్వెంతున్నవే’ అని అడగాల్నా?”

“ఎక్కువ మాట్లాడకు జమ్లీ. పై దేశాల గిట్లనే చేస్తరు.”

“పై దేశాల నాట్లు గూడ వాళ్ళే ఏసుకుంటరేమో పటేలా,” అని ఆమె సాగిపోయింది. పెద్దనాయన ఆ మాటను అప్పుడు పట్టించుకోలేదు.

చట్టం పెట్టాక కాపలా కావాలి. లస్కర్ సైదులును పిలిచాడు. లస్కర్ అంటే కాలువ మీద తిరిగి తూములు ఎత్తి, దించి, ఎవరి వంతు నీళ్ళు వాళ్ళకు పారేలా చూసేవాడు. సైదులు మెతక మనిషి, కానీ మెడలో ఈల వేస్తే మారిపోయే రకం. పెద్దనాయన అతని మెడలో ఈల వేశాడు. అంతే, ఆ రోజు నుంచి సైదులు తూముల సంగతి మరిచి గట్ల మీద చేతులు వెనక్కి కట్టుకుని తిరగడం మొదలుపెట్టాడు. నీళ్ళు ఎటు పారుతున్నాయో చూసేవాడు లేడు; ఎండ్రకాయ ఎటు పోతున్నదో మాత్రం అతని కన్నుగప్పి పోయేది కాదు. తరువాతి ఆదివారం మూర్తిగారు స్నేహితులను జీపులో వేసుకొచ్చి, సాయంత్రం దాకా పీతల వేట ఆడితే మాత్రం సైదులు ఈల జేబులో పెట్టుకుని వాళ్ళ చెప్పులకు కాపలా కూర్చున్నాడు. అదేమిటని అడిగితే, “వాళ్ళు గెస్టులు. రూలు తెచ్చిందే ఆయన గద,” అన్నాడు.

వాళ్ళ జీపు వెళ్ళిన మర్నాడే జమ్లి బుట్టను జప్తు చేశాడు. నాటు దిగి ఇంటికి పోతున్న ఆడవాళ్ళను ఆపి, బుట్టలు బోర్లించి, ఎండ్రకాయలను కాలువలో వదిలి, ఖాళీ బుట్టలను పంచాయతీ ఆఫీసు అటక మీద పెట్టాడు. ఆ మర్నాడు మా పెద్దనాయన పొలంలోకి నాటు వెయ్యడానికి ఒక్క మనిషి రాలేదు. దమ్ము చేసిన మడులు నీళ్ళలో తళతళ మెరుస్తున్నాయి, నారుకట్టలు గట్టు మీద వడలిపోతున్నాయి, ఎడ్లు నిలబడి నెమరేస్తున్నాయి. పెద్దనాయన తండాకు మనిషిని పంపాడు. రాలేదు. తానే పోయాడు. జమ్లి నులకమంచం వాల్చి, మంచినీళ్ళిచ్చి, మర్యాదగానే చెప్పింది.

“కూలి నువ్విస్తవు పటేలా. కూర గట్టు ఇస్తది. గట్టుకు నువ్వు తాళమేస్తె, మేం నీ కూలిని ఏం పెట్టుకోని తినాలె?”

ఊరంతా నాట్లు సాగుతుంటే ఆ మడులు మాత్రం అలాగే పడి ఉన్నాయి. నారు ముదురుతోంది. ముదిరిన నారు పిలకలు వెయ్యదు. పంట సగానికి పడిపోతుంది. పెద్దనాయనకు నిద్ర కరువైంది. వాన మొదలైంది. వానతో పాటే దగ్గు.

ఆ దగ్గు నాకు ఇప్పటికీ వినిపిస్తుంది. దిడ్డి దర్వాజలోంచి పొద్దున్నే మొదలై, మధ్యాహ్నం ఆగి, మళ్ళీ దీపాల వేళకు అందుకునేది. ఒక రోజు పెద్దమ్మ ఆ దర్వాజలో నిలబడి నన్ను సైగతో పిలిచింది. “బిడ్డా, పొలం దిక్కు పొయ్యి రెండు ఎండ్రకాయలు తేపో. మీ పెద్దనాయన పానం ఉషారుగ లేదు.”

లోపలినుంచి దగ్గు మధ్యలో ఆయన గొంతు వినిపించింది: “మందు అని చెప్పు. పేరెందుకు తీస్తవ్?”

పెద్దమ్మ ముఖంలో అప్పుడు కదిలినదేమిటో నాకా వయసులో అర్థం కాలేదు. చాలా ఏళ్ళ తరువాత, కళ్ళ దవాఖాన వరండాలో కూర్చున్నప్పుడు తానే చెప్పింది. “ఆయన మర్యాద కోసం ఆ కొట్టంల పొగ ఎన్నేండ్లు మింగిన్నో బిడ్డా. పొయ్యి ఊది ఊది కండ్లు మండేటియి. తినేటాయన అరుగు మీద, వండేదాన్ని బర్ల నడుమ.”

నేను గట్ల మీదికి పోయాను. మొదటి బొరియలోనే ఒకటి దొరికింది. రెండోది బరువుగా ఉంది. తిప్పి చూస్తే కడుపు కింది మడతలో పిల్లలు; ఆవగింజలంత ఎండ్రకాయలు, కుప్పలుగా, అప్పుడే కాళ్ళు ఆడిస్తూ. వదలాలని వంగాను. వెనకనుంచి ఈల.

“ఆగు!” అని పరుగెత్తుకొచ్చిన సైదులు నన్ను చూసి నీరుగారిపోయాడు. “సుజాతమ్మా, నువ్వా!” ముందే నాట్లయిన పక్క మళ్ళలో కలుపు తీస్తున్నవాళ్ళంతా లేచి నిలబడి చూస్తున్నారు. జమ్లి బుట్టను ఎత్తుకుపోయినవాడు సర్పంచి ఇంటి పిల్లను వదిలేస్తాడా లేదా అని. సైదులు చాలాసేపు ఈలను చేతిలో తిప్పాడు. చివరికి, “పా బిడ్డా. నేను కొలువు చేసుకునేటోన్ని,” అన్నాడు. ఎండ్రకాయలను బకెట్లో వేశాడు. నేను ముందు, బకెట్టుతో సైదులు వెనక, ఆ వెనక కలుపుతీతలు వదిలేసి వచ్చిన జనం.

పంచాయతీ ఆఫీసులో అదే సమయానికి తండా ఆడవాళ్ళతో రాజీ మాటలు నడుస్తున్నాయి. నీళ్ళ సంగతి చూడ్డానికి వచ్చిన మూర్తిగారు కూడా కుర్చీలో ఉన్నాడు. మేము మలుపు తిరుగుతుండగా పెద్దనాయన గొంతు ఖంగుమని వినిపిస్తోంది.

“చట్టం అందరికి ఒక్కటే! తండాకొకటి ఊరికొకటి లేదు. రేపు నా ఇంటోళ్ళు పట్టినా గిదే శిక్ష! అసలు మా ఇంట్ల ఎండ్రకాయ గడప తొక్కదు. తెల్సా?”

బకెట్టు ఆయన ముందుకొచ్చింది. బకెట్టులో ఎండ్రకాయ గోకుతున్న చప్పుడు ఒక్కటే వినిపిస్తోంది. పెద్దనాయన నన్ను చూశాడు, బకెట్టును చూశాడు, మళ్ళీ నన్ను చూశాడు. ఆ చూపులో బెదిరింపు లేదు, బతిమాలుకోలు ఉంది. అంత పెద్దమనిషి నన్ను బతిమాలుతుంటే నాకు భయం వేసింది.

“ఎవలకోసం పట్టినవు బిడ్డా?” అంది జమ్లి, మెత్తగా.

“మందుకు,” అన్నాను.

“ఎవలికి పానం బాగలేదు?”

సరిగ్గా అప్పుడే పెద్దనాయనకు దగ్గొచ్చింది. ఆపుకోబోయాడు. ఆపుకున్నకొద్దీ ముఖం ఎర్రబడి, కళ్ళలో నీళ్ళు తిరిగి, చివరికి కట్ట తెగినట్టు బయటపడింది. ఆ దగ్గు ఇంకా సద్దుమణగకముందే జనం పక్కకు జరిగి దారి ఇవ్వడం చూశాను. మా పెద్దమ్మ వస్తోంది. ఆ ఇంటి ఆడవాళ్ళు పంచాయతీ గడప ఎక్కడం ఊరు ఎన్నడూ చూడలేదు. తల నిండా కొంగు, వేళ్ళకు నూరిన మిరియాలు.

“మిరియాలు నూరుకుంట కూసున్న. పిల్ల ఎంతకూ రాకపాయె. ఈడికి తెచ్చిండ్రని దారిల చెప్పిండ్రు,” అంది, అందరితోనూ. “దాన్నేమనకుండ్రి. దాన్ని పంపింది నేను. నన్ను పంపింది ఇగో, ఈ దగ్గు.” పెద్దనాయన వైపు వేలు చూపలేదు, అవసరం లేదు. “మా ఇంట్ల ఎండ్రకాయ గడప తొక్కదన్నడట సర్పంచి. అబద్ధం గాదు. కొట్టంల ఉడుకుతది, ఎనక దర్వాజ నుంచి పోతది. ఇన్నేండ్ల సంది అది గడప తొక్కలే.”

ముందు నవ్వింది మూర్తిగారు. ఆపుకుందామని జేబురుమాలు తీశాడు కానీ చాలా ఆలస్యమైంది. తరువాత తండా ఆడవాళ్ళు, తరువాత కలుపుతీతలవాళ్ళు, ఆఖరికి గోడకు ముఖం పెట్టి సైదులు. పెద్దనాయన ఆ నవ్వు మధ్య కుర్చీలో కూర్చుని ఉన్నాడు. ఆయనకు కోపం వస్తుందనుకున్నాను. రాలేదు. బరువు దించుకున్న మనిషిలా భుజాలు కిందికి జారాయి. అయితే ఎంతైనా సర్పంచి. ఓటమిని కూడా హుకుంగానే ప్రకటించాలి. గొంతు సవరించుకుని లేచాడు.

“సరే. పానం బాగలేనోళ్ళకు మాఫ్. మందుకైతే ఎవలైనా పట్టుకోవచ్చు. మంది ఆరోగ్యం కంటె చట్టం ఎక్కువ గాదు.”

వెంటనే జమ్లి ఖళ్ళున దగ్గింది. అంత ఆరోగ్యమైన దగ్గు నేనెన్నడూ వినలేదు. ఆమె పక్కనున్న ఆమె దగ్గింది. ఆ పక్కామె. దగ్గుకుంటూనే అటక మీది బుట్టలు దించుకుని, దగ్గుకుంటూనే మా పెద్దనాయన పొలం వైపు నడిచారు. సైదులు బకెట్టు పట్టుకుని, “మరి ఈ తల్లిదాన్ని ఏం జెయ్యాలె?” అని అడిగాడు. “కాల్వల ఇడిచిపెట్టు,” అంది పెద్దమ్మ. ఆ ఒక్క రూలును మాత్రం ఆ తరువాత ఎవరూ తప్పలేదు. ఎవరూ కాపలా కూడా కాయలేదు.

మర్నాటి నుంచి ఊరంతా దగ్గు. గట్ల మీద, తూముల దగ్గర, పంచాయతీ ఆఫీసు ముందు అయితే మరీ ఎక్కువ. నారు కాస్త ముదిరిందే అయినా పంట చేతికొచ్చింది. పంచాయతీ జరిగిన రోజు సాయంత్రమే పెద్దమ్మ మసికుండను కొట్టం నుంచి తెచ్చి, తోమి, వంటింటి పొయ్యి మీద పెట్టింది. పెద్దనాయన ముందు అర్రలోనే, తలుపులు తెరిచి ఉండగానే, ఎండ్రకాయ పులుసుతో అన్నం తిన్నాడు. నేను గుమ్మంలో నిలబడి చూస్తున్నాను. రెండో ముద్దకు అన్నాడు: “ఉప్పు జర తక్కువైంది.”

“ఇంట్ల పొయ్యి గద, ఇంకా అలవాటు గాలే,” అంది పెద్దమ్మ.

ఆ తరువాతి ఏళ్ళలో గుళికల మందు వచ్చింది. నాటు వేసిన వారానికి బకెట్టులో తెచ్చి మళ్ళలో చల్లేవాళ్ళు. పురుగు చచ్చేది, దాంతో పాటు చేప చచ్చేది, కప్ప చచ్చేది, ఎండ్రకాయలు వెల్లకిలా తేలేవి; బెత్తెడువి, బెత్తెడుకు లోపువి, కడుపుకింద పిల్లలున్నవి కూడా. దానికి ఏ సర్పంచీ డప్పు కొట్టించలేదు. ఎవరి బకెట్టూ జప్తు కాలేదు. ఇప్పుడు కోదాడలో హైవే పక్క హోటళ్ళలో కోస్తా నుంచి ఐసు పెట్టెల్లో వచ్చిన పీతల్ని ఇగురు చేసి పెడతారు. మా ఊరి మోతుబరి పిల్లలు కార్లేసుకుని పోయి, అద్దాల గదిలో అందరికీ కనబడేలా కూర్చుని, ఫోటోలు దిగి తింటారు. ఆ తినడంలో తప్పేమీ లేదు. నాకు ఆ కొట్టం పొగ గుర్తొస్తుంది, అంతే. నాట్లు మిషన్లు వేస్తున్నాయి. వాటికి సాయంత్రం కూర అక్కర్లేదు.

ఈసారి ఊళ్ళో ఉన్నన్నాళ్ళూ జమ్లితో పొద్దుగూకేముందు గట్ల వెంట నడిచాను. కర్ర లేకుండా నడవలేకపోతోంది. కొడుకు మందు కొట్టే మిషను కిరాయికి తిప్పుతాడట. ఒకరోజు గట్టు పక్కన బొరియ కనిపించింది. ఆమె కర్ర నా చేతికిచ్చి, మోకాళ్ళ మీద కూర్చుని, మోచేతి దాకా చెయ్యి పెట్టింది. ఎంతసేపు తడిమినా ఉత్త మట్టే వచ్చింది. చెయ్యి ముక్కు దగ్గర పెట్టుకుని వాసన చూసింది, ముఖం చిట్లించి గడ్డికి రుద్దుకుంది. తరువాత లేస్తూ నా భుజం పట్టుకుని, పొలాల మీదుగా దూరానికి చూస్తూ అంది:

“ఇప్పుడు ఎవలు వద్దంటలేరు గద బిడ్డా. పట్టుకో ఇగ.”